600 మాట పక్కనపెట్టి చూస్తే: నికాన్ జెడ్ 180-600 లెన్స్ రివ్యూ

ఈ లెన్స్ కొన్నవాళ్లు చాలామంది జూమ్ రింగును 600 ఎంఎం దగ్గర పెట్టి ఇక కదపరు. ఈకలు లెక్కపెట్టేంత క్లోజప్ వస్తుంది, నిజమే. ఫొటోను బొమ్మలా కట్టాలనుకునేవాళ్లకు మాత్రం అసలు సరుకు ఎక్కువ దృశ్యం పట్టే 180 వైపే ఉంది.

గుంటూరు దగ్గరి ఉప్పలపాడు చెరువే చూడండి. గూడబాతులు, పెయింటెడ్ స్టార్క్ కొంగలు గట్టుకు దగ్గరలోనే గూళ్లు కడతాయి. 600లో దొరికేది ఒక ముక్కు, ఒక కన్ను. 200కి వస్తే కొమ్మల అల్లిక, దాని మధ్య పక్షులు, కింద నీళ్లలో నీడ. మబ్బు పట్టిన పూట ఎక్స్‌పోజర్ కాంపెన్సేషన్ (కెమెరా లెక్కకన్నా ఫొటో వెలుగు పెంచే, తగ్గించే సెట్టింగ్) +1.3 నుంచి +2 దాకా పెంచితే ఆకాశం తెల్ల కాగితమైపోయి, కొమ్మలు సిరాతో గీసినట్టు మిగులుతాయి. ఈకల్లో వివరం పోతోందేమో వెలుగునీడల గ్రాఫ్ అయిన హిస్టోగ్రాం కుడి అంచున చూసుకుంటూ ఉండాలి.

2023లో వచ్చిన ఈ లెన్స్‌లో జూమ్ లోపలే జరుగుతుంది, గొట్టం ముందుకు సాగదు. 180 నుంచి 600కి రింగు సుమారు 70 డిగ్రీలు తిరిగితే చాలు. నికాన్ పాత 200-500 లెన్స్‌కి చేయి మార్చి మార్చి తిప్పాలి, పైగా గొట్టం సాగి గింబల్ (బరువు లెన్స్‌ను తూచినట్టు నిలిపే ట్రైపాడ్ తల) మీద ముక్కు వాలుతుంది. ఇక్కడ ఒకసారి బ్యాలెన్స్ కుదిరితే ఇక ముట్టుకోనక్కర్లేదు. ఎగిరే పక్షిని చూస్తూనే ఫ్రేమ్ మార్చుకోవచ్చు.

ప్యానింగ్‌కి, అంటే ఎగిరే పక్షితోపాటు కెమెరా తిప్పుతూ వెనకదంతా గీతలయ్యేలా తీయడానికి, షట్టర్ 1/30 సెకను, ఐఎస్ఓ (వెలుగుకు సెన్సర్ స్పందన) 100, వీఆర్ (వణుకు తగ్గించే ఏర్పాటు) నార్మల్. జూమ్ 180-250 మధ్యే ఉంచండి; 600లో చేతి వణుకు కూడా గీతలై పడుతుంది. నడి ఎండలో 1/30 కావాలంటే అపర్చర్‌ను (వెలుగు వచ్చే రంధ్రాన్ని) ఎఫ్/29 దాకా మూయాల్సి వస్తుంది. అప్పుడు డిఫ్రాక్షన్‌తో (చిన్న రంధ్రంలోంచి వచ్చే వెలుగు చెదరడంతో) బొమ్మ మెత్తబడుతుంది, సెన్సర్ మీది దుమ్మంతా చుక్కలై కనిపిస్తుంది. వెలుగు తగ్గించే ఎన్‌డీ ఫిల్టర్ పెడదామంటే సైజు 95 ఎంఎం, జేబుకు చిల్లే. సూర్యోదయమైన తొలి అరగంటలో ఈ తిప్పలేవీ ఉండవు.

లోపాలకొస్తే, 600 దగ్గర అపర్చర్ ఎఫ్/6.3కి మించి తెరుచుకోదు కాబట్టి చెట్ల నీడలో ఐఎస్ఓ గబగబా పెరుగుతుంది. దూరాన్ని 1.4 రెట్లు దగ్గర చేసే టెలీకన్వర్టర్ తగిలిస్తే ఎఫ్/9 అవుతుంది, తెల్లవారుజామున దాని జోలికి పోవద్దు. సూళ్లూరుపేట-శ్రీహరికోట రోడ్డు మీంచి పులికాట్ ఫ్లెమింగోలను తీసేవాళ్లు ఇంకోటి గుర్తుంచుకోవాలి. ఎండెక్కాక నీటి మీద గాలి మరుగుతున్నట్టు కదిలి, దూరపు పక్షి ఏ లెన్స్‌లోనైనా మసకే. ఫోకస్ పాడైందని సర్వీస్ సెంటర్‌కి పరుగెత్తకండి. ఆ సమయంలో 180కి వచ్చి, గుంపును గులాబీ గీతగా, మిగతాదంతా ఖాళీగా తీసి చూడండి.

ట్రైపాడ్‌కి బిగించే కాలర్‌తో కలిపి బరువు 2,140 గ్రాములు. ట్రైపాడ్ ఫుట్‌కి ఆర్కా గాడి (ట్రైపాడ్ తలలో నేరుగా జారి బిగుసుకునే గాడి) లేదు. ప్లేటు విడిగా కొనుక్కోవాలి. ఈ ధర లెన్స్‌కి ఇది పిసినారితనమే.