దీనికి రెండు ఫ్యాన్లెందుకు? ఒక ఆటోజైరో కిట్టు గురించి

డబ్బా తెరిచి ముక్కలన్నీ నేల మీద పరిచాక మా ఆవిడ అడిగిన మొదటి మాట, "దీనికి రెండు ఫ్యాన్లెందుకు?" అని. పర్లాకిమిడిలో ముప్పై ఒక్క ఏళ్లుగా ఫ్యాన్లకూ నీటి మోటార్లకూ తీగ చుట్టి బతుకుతున్నవాడి భార్య అడగవలసిన ప్రశ్నే. నేను ఈ కిట్టు కొన్నదీ ఆ ప్రశ్న కోసమే.

కొన్నది రెండు సీట్ల ఆటోజైరో నమూనా. రేడియోతో ఎగిరేది. ధర రూ. 14,600; బ్యాటరీ, రిమోటు విడిగా కొనుక్కోవాలి. అమ్మినవారి పేరు రాయడం లేదు. తిట్టవలసిన చోట మొహమాటం లేకుండా తిట్టవచ్చు.

ముందు మా ఆవిడకు చెప్పిన జవాబు. వెనక ఉన్న చిన్న ఫ్యాను ప్రొపెల్లరు. మోటారు తిప్పేది దాన్నొక్కదాన్నే, అది బండిని ముందుకు తోస్తుంది. నెత్తి మీద ఉన్న పెద్ద రెక్కలకు మోటారుతో సంబంధం లేదు. అవి కొంచెం వెనక్కి వాలి ఉంటాయి. బండి ముందుకు పోతుంటే గాలి కింది నుంచి రెక్కల మధ్యగా పైకి పోతూ వాటిని తిప్పుతుంది. తాటాకు ముక్కను తుమ్మముల్లుకు గుచ్చుకుని పరుగెత్తిన ప్రతి పిల్లవాడికీ ఈ సంగతి తెలుసు. హెలికాప్టరులో వ్యవహారం తలకిందులు. అక్కడ ఇంజనే రెక్కల్ని తిప్పుతుంది, రెక్కలు గాలిని పైనుంచి కిందికి లాగుతాయి. అందుకే హెలికాప్టరు గాలిలో ఒకచోట నిలబడగలదు, ఆటోజైరో నిలబడలేదు. కానీ ఇంజను ఆగిపోయినా ఆటోజైరో పైరెక్కలు తిరుగుతూనే ఉంటాయి. అవి ఇంజను పెట్టిన తిండి ఎప్పుడూ తినలేదు కదా.

ఆ పైరెక్కల్ని రోటరు అంటారు. మా షాపులో రోటరంటే వేరే వస్తువు కాబట్టి మొదటి రెండు రోజులు నాకే గందరగోళంగా ఉండేది.

ఈ కిట్టుకు మాతృక ఇప్పుడు యూరపులో ఎగురుతున్న రెండు సీట్ల బళ్లు. జర్మనీలోని హిల్డెస్‌హైములో తయారైన ఎంటీఓ స్పోర్టు లాంటివి. ముందొకరు, వెనకొకరు కూర్చుంటారు. వారి వెనక 100 హార్స్‌పవర్ రోటాక్స్ 912 ఇంజను, నెత్తిన 8.4 మీటర్ల వ్యాసంతో రెండు అల్యూమినియం రెక్కలు. విశాఖలో ఇంజనీరింగు చదువుతున్న మా మేనకోడలు ఫోనులో ఈ అంకెలు చెబుతూ, "రోటరు నిమిషానికి మూడు వందల యాభై చుట్లు తిరుగుతుందనుకో మావయ్యా" అంది. నాకు నవ్వొచ్చింది. మా షాపులో వేలాడే 1200 మిల్లీమీటర్ల సీలింగ్ ఫ్యాను ఫుల్ స్పీడులో తిరిగేదీ ఇంచుమించు అంతే. అయితే ఫ్యాను రెక్క కొస గంటకు 80 కిలోమీటర్ల వేగంతో పోతే, 8.4 మీటర్ల రోటరు కొస 550 కిలోమీటర్ల వేగంతో పోతుంది. కాగితం మీద లెక్క వేసి చూసుకున్నాక ఇంకెప్పుడూ ఆ రెక్కల్ని ఫ్యాను అనలేదు.

రెండు సీట్లు పెట్టడంలో అసలు చిక్కు బరువు. ఖాళీ బండి సుమారు 250 కిలోలు. 450 కిలోల తరగతిలో ఎగరాలంటే మనుషులకూ పెట్రోలుకూ కలిపి మిగిలేది 200. నన్నూ మా బావమరిదినీ ఎక్కిస్తే పెట్రోలు చేత్తో పట్టుకుని కింద పరుగెత్తాలి. వెనక సీటును సరిగ్గా రోటరు స్తంభం కిందికి, బండి బరువు తూగే చోటికి దగ్గరగా పెట్టారు. అక్కడ మనిషి ఉన్నా లేకపోయినా ముక్కు లేవడం, వాలడం పెద్దగా మారదు. ఒక్కడే నడిపేటప్పుడు ముందు సీటులో కూర్చునేది అందుకే. కిట్టులో కూడా ఆ కొలత చక్కగా పాటించారు. మెచ్చుకోవలసింది మెచ్చుకోవాలి.

ఇక డబ్బాలో వచ్చిన సరుకు. బాడీ తేలికైన ఫోము, అతుకులు శుభ్రంగా ఉన్నాయి. చక్రాలు మూడూ గట్టివి. బేరింగులు రెండూ మంచివే, వేలితో తిప్పితే ఇసుక చప్పుడు లేదు. రెక్కలు మూడు. అసలు బండికి రెండే అయినా చిన్న నమూనాలో మూడు రెక్కలైతే కుదురుగా తిరుగుతాయి కాబట్టి అది తప్పనను. తప్పనేది తూకం. రెక్కలను మా వీధి కంసాలి దగ్గర త్రాసు మీద పెట్టించాను. మొదటిది 21.4 గ్రాములు, రెండోది 21.3, మూడోది 23. సీలింగ్ ఫ్యానుకు ఇలాంటి రెక్కలు బిగించి పంపితే మా ఊళ్లో మర్నాడే గొడవకు వస్తారు. తేలిక రెక్కల కొసలకు టేపు ముక్కలు అంటించి సరిచేశాను. ఆ పని చేయాలని కాగితంలో ఎక్కడా లేదు.

మొదటి పరీక్ష మాఘమాసంలో, మహేంద్రతనయ నది ఇసుకలో. పొద్దున ఏడింటికి గాలి తిన్నగా వీస్తుంది, క్రికెట్ ఆడే కుర్రాళ్లు ఇంకా రారు. బండిని గాలికి ఎదురుగా నిలిపి, రెక్కల్ని చేత్తో తిప్పి, మోటారు పెంచాను. పది అడుగులు పరుగెత్తింది, చక్రాలు లేచాయి, ఎడమకు పొర్లి ఇసుకలో పడింది. మళ్లీ చేశాను, మళ్లీ ఎడమకే. నాలుగోసారికి కుర్రాళ్లు వచ్చేశారు. సగం ఒడియాలో సగం తెలుగులో సలహాలు మొదలయ్యాయి.

ఎడమకే ఎందుకు? పై నుంచి చూస్తే రోటరు గడియారానికి ఎదురు దిశలో తిరుగుతుంది. కుడివైపు రెక్క బండి పోయే వైపే పోతుంది, ఎడమవైపు రెక్క వెనక్కి పోతుంది. అసలు బండి గంటకు 120 కిలోమీటర్లతో పోతుంటే కుడి కొసకు 670 కిలోమీటర్ల గాలి తగులుతుంది, ఎడమ కొసకు 430. గాలి ఎక్కువ తగిలిన వైపు ఎక్కువ ఎత్తుతుంది, బండి రెండో వైపు పొర్లుతుంది. స్పెయిన్‌లో హువాన్ దె లా సియర్వా కూడా ఇక్కడే తన్నుకున్నాడు. తాను రూపొందించిన మూడింజన్ల విమానం 1919లో వేగం తగ్గి కూలిపోయాక, వేగం తగ్గినా కూలని యంత్రం చేయాలని పట్టుబట్టాడు. మొదటి మూడు బళ్లూ సరిగా ఎగరలేదు. నాలుగోదానికి రెక్కల మొదట్లో మడతబందులు పెట్టాడు, మన తలుపులకు పెట్టినట్టే. ఎక్కువ గాలి తగిలిన రెక్క తనంతట తాను పైకి లేస్తుంది, తక్కువ తగిలినది దిగుతుంది, రెండువైపులా ఎత్తే బలం సమానమవుతుంది. ఆ సీ.4 బండి 1923 జనవరిలో మాడ్రిడ్ దగ్గర ఎగిరింది. ఐదేళ్లకు, 1928లో, సీ.8 బండిలో ఇంగ్లిష్ కాలువ దాటాడు. మా పర్లాకిమిడి ఒడిశాలో కలిసిన 1936లోనే, డిసెంబరు పొగమంచులో, లండను దగ్గర క్రాయ్డన్‌లో మామూలు ప్రయాణికుల విమానం కూలి చనిపోయాడు. 41 ఏళ్లు. ఆ రోజు ఆయన ఎక్కింది తన బండి కాదు.

కిట్టులో మడతబందులకు బదులు ఒంగే పలక ఇచ్చారు. ఆలోచన మంచిదే. కానీ ఇచ్చిన పలక 1.5 మిల్లీమీటర్ల మందం, దాన్ని వంచాలంటే నా బొటనవేలికే కష్టమైంది. గాలి ఏం వంచుతుంది? వైండింగు పనికి తెచ్చుకున్న 0.8 మిల్లీమీటర్ల ఫైబరు షీటు షాపులో ఉంది. దాన్నే ఆ ఆకారంలో కోసి బిగించాను. పొర్లడం ఆ పూటతో పోయింది. కిట్టు తయారుచేసినవారు పలక పెట్టాలని నేర్చుకున్నారు గాని, అది ఎందుకు ఒంగాలో తెలుసుకున్నట్టు లేదు. ఈ వస్తువుతో నా తగవంతా దాదాపు ఇదే.

రెండో దెబ్బ నా తొందర వల్ల తగిలింది, కిట్టును అనను. రోటరు వేగం అందుకోకముందే మోటారు పెంచాను. నెమ్మదిగా తిరుగుతున్న రెక్కకు ఎదురుగాలి తగిలితే అది అదుపు తప్పి కొట్టుకుంటుంది. వెనక్కి పోయే రెక్క కిందికి దిగి తోక చుక్కానిని నరికేసింది. అసలు బళ్లలో దీనికోసం ఇంజను నుంచి రోటరుకు తాత్కాలికంగా ఒక ఇరుసు కలుపుతారు. నేల మీదే రోటరును నిమిషానికి సుమారు 200 చుట్లకు తెచ్చి, ఆ ఇరుసు విడిపించి, అప్పుడు పరుగు మొదలుపెడతారు. మిగతా వేగం గాలే ఇస్తుంది. ఆ ఏర్పాటు లేని తొలిరోజుల్లో సియర్వా మనుషులు రోటరుకు తాడు చుట్టి లాగేవారు. ఇది తెలిశాక నాకు ఇక వేరే ఉపాయం ఎందుకు? రోటరు కింద చిన్న చెక్క గిలక బిగించి, బొంగరం తాడు చుట్టి, ఒక్క లాగు. చిన్నప్పుడు వీధిలో ఎవరి బొంగరాన్నీ బతకనివ్వని చెయ్యి ఇది. రోటరు బుయ్యిమని అందుకుంది. గిలక, తాడు కిట్టుతోనే ఇచ్చి ఉంటే పది రూపాయలు కూడా ఖర్చు కాదు.

మూడో దెబ్బ మాత్రం పూర్తిగా వారిదే. దీనికి ఒక నక్షత్రం కోస్తున్నాను.

బండి అప్పటికి బాగా ఎగురుతోంది. ముప్పై అడుగుల ఎత్తులో ఒక గాలితెర తగిలింది, ముక్కు కొద్దిగా వాలింది, నేను మోటారు పెంచాను. బండి ముందుకు పల్టీ కొట్టి ఇసుకలో ముక్కుతో దిగబడింది. మరమ్మతు చేశాక ఇంట్లో దారం కట్టి వేలాడదీసి చూస్తే కారణం దొరికింది. బ్యాటరీ అడుగున పెట్టడం వల్ల బండి తూగే చోటు బాగా కిందికి పోయింది. ప్రొపెల్లరు నేలకు తగలకుండా మోటారును పైకి ఎత్తారు. అంటే వెనక నుంచి తోసే బలం నడుము దగ్గర కాక భుజాల దగ్గర పడుతోంది. రోటరు మీద బరువున్నంతసేపు అది పైనుంచి వెనక్కి లాగుతూ లెక్క సరిచేస్తుంది. ఒక్క క్షణం ఆ బరువు తేలికైతే ప్రొపెల్లరుకు అడ్డు లేదు, బండిని ముక్కు మీదుగా తిప్పేస్తుంది. పైగా కింది నుంచి వచ్చే గాలి ఆగడంతో రోటరు వేగమూ పడిపోతుంది. మోటారు పెంచితే ఇంకా చెడుతుంది. నేను చేసింది సరిగ్గా అదే.

బొమ్మకు ఇది ఫోము పగలడంతో పోయింది. 1950ల్లో అమెరికాలో ఇగోర్ బెన్సెన్ ఇంట్లో కట్టుకోదగిన చిన్న బండిని ప్రచారంలోకి తెచ్చిన తరవాత, ఆ తరహా బళ్లలో ఇదే కారణంగా ఎందరో ప్రాణాలు పోగొట్టుకున్నారు. బ్రిటన్‌లో పౌర విమానయాన అధికారుల పూనికతో గ్లాస్గో విశ్వవిద్యాలయం వారు దీన్ని కొలిచి చూశారు. ప్రొపెల్లరు తోపు పోయే గీత, బండి తూగే చోటు దగ్గరదగ్గరగా ఉండటమే నిలకడకు ముఖ్యమని తేల్చారు. ఇప్పటి రెండు సీట్ల బళ్లను పాతవాటి పక్కన పెట్టి చూడండి. సీట్లు ఎత్తుగా ఉంటాయి, ఆ తోపు గీత వాటికి దగ్గరగా దిగి ఉంటుంది, వెనక వెడల్పైన తోక పలక ఉంటుంది. అందం కోసం చేసిన మార్పులు కావవి. ఈ కిట్టువారు ఫొటో చూసి బయటి ఒంపులన్నీ దించారు, ఆ ఒక్క గీతను మాత్రం వదిలేశారు.

నా మరమ్మతు ఇది: బ్యాటరీని అడుగు నుంచి తీసి వెనక సీటులో కూర్చోబెట్టాను, నడుముకు రబ్బరు బెల్టు కూడా వేశాను. తోక పలకను థర్మోకోలుతో రెండింతలు వెడల్పు చేశాను. "ప్రయాణికుడు భద్రమేనా?" అని మా ఆవిడ అడిగింది. భద్రమే. అప్పటి నుంచి ఒక్కసారీ పల్టీ కొట్టలేదు.

ఇప్పుడెలా ఎగురుతుందంటే, దాని గురించి నేను నిష్పక్షపాతంగా రాయలేను. ఎదురుగాలి బాగా ఉన్న రోజు దాదాపు నడిచే వేగంతో నా తల మీదుగా వస్తుంది. మామూలు నమూనా విమానమైతే ఆ వేగానికి రాయిలా పడిపోతుంది. మోటారు పూర్తిగా ఆపి చూశాను. రెక్కల చప్పుడు మాత్రం మిగిలింది, కొబ్బరాకుల్లో గాలి లాంటి చప్పుడు. ఏటవాలుగా దిగి, నేల దగ్గర ముక్కు ఎత్తగానే, నాలుగడుగులు దొర్లి ఆగింది. క్రికెట్ కుర్రాళ్లు ఆట ఆపేశారు. ఒక ఆదివారం గాలి మరీ ఎక్కువై అది పాతపట్నం వైపు పోయింది. సరిహద్దు దాటి ఆంధ్రప్రదేశ్‌లో దిగిన బండిని తేవడానికి సైకిలు మీద వెళ్లాను. అక్కడి పొలంలో ఉన్న ముసలాయన దాన్ని తిరగేసి చూసి, "దీనికి రెండు ఫ్యాన్లెందుకు బాబూ?" అన్నాడు.

కొనవచ్చా అని అడిగితే: లేతు, త్రాసు, ఓపిక అందుబాటులో ఉన్నవారు కొనండి. డబ్బా విప్పగానే ఎగరాలనుకునే పిల్లలకు కొనిపెట్టకండి, ఏడుస్తారు. వివరాల కాగితం దండగ. బొమ్మలు చూడండి, వాక్యాలు చదవకండి. బ్యాటరీ ఎక్కడ పెట్టాలో మేం చెప్పినట్టే పెట్టండి అని అందులో రెండుసార్లు రాశారు. పలక మందం గురించి అమ్మినవారికి ఫోను చేస్తే, ఇంతవరకు ఎవరూ ఫిర్యాదు చేయలేదని చెప్పారు. ఎవరూ రెండోసారి ఎగరేసి ఉండరు. అయిదు నక్షత్రాలకు మూడు ఇస్తున్నాను. అందులో ఒకటి బేరింగులకు, ఒకటి వెనక సీటుకు, ఇంకొకటి ఆ కొబ్బరాకుల చప్పుడుకు.

విడి రెక్కల సెట్టు రూ. 1,150. నిన్ననే వచ్చింది. వెంటనే కంసాలి దగ్గరికి తీసుకెళ్లాను. ఈసారి మూడూ 21.5 గ్రాములే, వెంట్రుకవాసి తేడా లేదు. ఒకటి మాత్రం వంకర.