లాకు తలుపు తెరుచుకోలేదు: రెండున్నరేళ్లు జీకాంప్రీ వాడాక

జీకాంప్రీ (GCompris) అనే పిల్లల ఆటల సాఫ్ట్‌వేర్ కంప్యూటర్‌లో పెట్టిన మొదటి నెలలోనే కనిపించిన వాళ్లందరికీ చెప్పాను, మీ పిల్లలకీ పెట్టండి అని. ఇప్పటికి రెండున్నరేళ్లయింది. మా పాపకి అప్పుడు ఐదు, ఇప్పుడు ఏడున్నర. నూటికి పైగా ఆటలుంటాయి, ఉచితం, యాడ్స్ రావు, ఒకసారి ఎక్కించాక నెట్ లేకపోయినా నడుస్తుంది. ఇవన్నీ అందరికీ తెలిసినవే కాబట్టి వాటి జోలికి పోను. నేను చెప్పాలనుకున్నది ఇందులో ఉన్న ఒకే ఒక్క ఆట గురించి. కాలువ లాకు ఆట.

తెర మీద ఒక కాలువ, ఒకవైపు నీళ్లు కిందికి, రెండో వైపు పైకి ఉంటాయి. మధ్యలో లాకు, అంటే నీళ్లు నింపి, తీసి పడవని పైకి ఎత్తే, కిందికి దించే గది. రెండు తలుపులు, రెండు తూములు. పడవలో పెంగ్విన్. పడవని ఇటు నుంచి అటు దాటించాలి, అంతే. చదవాల్సింది ఏమీ లేదు, అందుకే ఇంకా సరిగ్గా చదవడం రాని పిల్లకి కూడా అడ్డు రాలేదు. నాకు నచ్చింది ఏంటంటే, క్రమం తప్పితే తలుపు తెరుచుకోదు. అంతకంటే ఏమీ జరగదు. మార్కులు పోవు, ప్రాణాలు తగ్గవు, టైమ్ అయిపోయిందని ఎవరూ అరవరు. రెండు వైపులా నీళ్లు సమానం కాలేదు కాబట్టి తెరుచుకోదు, ఆ నీళ్లు కళ్లముందే కనిపిస్తుంటాయి.

దీనికి ముందు డబ్బులు కట్టి ఇంకొక ఆట వాడాం, పేరు చెప్పను. ప్రతి సరైన జవాబుకి నాణేలు వచ్చేవి, తప్పయితే ఎర్ర గుండె ఒకటి పగిలిపోయేది. నాలుగు నెలలు వాడాక ఒకరోజు పక్కన కూర్చుని చూస్తే మా పాప ప్రశ్న వైపు చూడడమే లేదు. నాలుగు జవాబులూ వరసగా నొక్కుకుంటూ పోతోంది, ఏదో ఒకటి తగులుతుంది, నాణెం వస్తుంది. అడిగితే "ఇలా అయితే తొందరగా వస్తాయి అమ్మా" అంది. అది చూసి నిజంగా బాధేసింది. పిల్ల తప్పు కాదది, ఆట దానికి నేర్పిందే అది. ఆ రోజే తీసేశాను.

లాకు దగ్గర ఆ పద్ధతి ఎక్కువ దూరం పోలేదు. మొదట్లో ఇక్కడా ఏది పడితే అది నొక్కింది. పడవ లోపలికి వచ్చేది, వెనక తలుపు మూసేది, పై తూము నొక్కేది, ఏమీ అయ్యేది కాదు. అక్కడే రోజుల తరబడి ఆగిపోయింది. నాకు తెలుసు, కింది తూము ఇంకా తెరిచే ఉందని. నోటి చివరి దాకా వచ్చింది, చెప్పలేదు. ఇంచుమించు వారం రోజులు రోజూ ఒక పది నిమిషాలు ఆడి, విసుగొచ్చి వేరే ఆటకి పోయేది. ఒక సాయంత్రం నేను బట్టలు మడతపెడుతుంటే వెనక నుంచి వినిపించింది, "అమ్మా, ఇక్కడ నుంచి నీళ్లు పోతుంటే అక్కడ నుంచి పోసి ఏం లాభం?" వెళ్లి చూసేసరికి కింది తూము మూసి ఉంది, లాకులో నీళ్లు నిండుతున్నాయి, పడవ మెల్లగా పైకి లేస్తోంది. అది కుర్చీలోంచి దిగి నిలబడి చూస్తోంది. ఎవరూ చెప్పకుండా తనంతట తను పట్టుకుంది. ఫ్రెంచ్‌లో "నాకు అర్థమైంది" అనే మాటని పలికినట్టే ఉంటుందని ఈ సాఫ్ట్‌వేర్‌కి ఈ పేరు పెట్టారు. ఆ సాయంత్రం ఆ పేరు ఎందుకు పెట్టారో నాకు తెలిసింది.

ఇది జరిగి చాలా రోజులయ్యాక పనామా కాలువ వీడియో ఒకటి చూస్తున్నాం. ఓడ లోపలికి రాగానే "ఇప్పుడు వెనక తలుపు మూస్తారు" అంది. మూశారు. తర్వాత, నీళ్లు ఎవరు పోస్తారు, మోటారా అని అడిగింది. మోటారు లేదు, పైన గాటూన్ సరస్సు సముద్రం కంటే దాదాపు 26 మీటర్ల ఎత్తులో ఉంటుంది, నీళ్లు వాటంతట అవే కిందికి దిగుతాయి అని చెప్పాను. "మన ఆటలో కూడా మోటారు లేదు కదా" అంది. 1914 నుంచి నడుస్తున్న అంత పెద్ద కాలువని అది తన ఆటతో పోల్చుకుని చూసింది. ఆ మాట మీద ఆ రాత్రంతా సంతోషంగా ఉన్నాను.

అయితే మొదట్లో నేను చెప్పిన కొన్ని మాటలు ఇప్పుడు కొంచెం సర్దుకోవాలి. దీనితో లెక్కలు కూడా వచ్చేశాయని చాలామందితో అన్నాను. పై నుంచి పాచికలు పడుతుంటాయి, మీద ఉన్న చుక్కలెన్నో చూసి ఆ అంకె నొక్కాలి, అలాంటి ఆట ఒకటుంది. మా పాప ఐదు చుక్కల్ని రెప్పపాటులో చెప్పేసేది, మురిసిపోయాను. తర్వాత ఒకసారి నేల మీద ఐదు బొత్తాలు వరసగా పెట్టి ఎన్ని అని అడిగితే, వేలు పెట్టి ఒకటి, రెండు అని లెక్కపెట్టడం మొదలుపెట్టింది. నాలుగు మూలలా నాలుగు, మధ్యలో ఒకటి, ఆ బొమ్మని గుర్తుపట్టిందన్నమాట, ఐదుని కాదు. బొత్తాలు, గింజలు, చెంచాలు ఇలా చేతికి దొరికినవాటితో విడిగా కూర్చోబెట్టాకే అది కుదిరింది. అలాగే అన్ని ఆటలూ లాకులా నిదానంగా ఉంటాయనుకోకండి. అక్షరాలు కింద పడేలోపు కీబోర్డు మీద నొక్కాల్సినవి కూడా ఉన్నాయి, వాటి దగ్గర మా పాపకి టెన్షన్ వచ్చేది, కొన్నాళ్లు పక్కన పెట్టాం. ఆటల పక్కన ఎంత కష్టమో చెప్పేలా ఒకటి నుంచి ఆరు దాకా నక్షత్రాలుంటాయి, సెట్టింగ్స్‌లో పై నక్షత్రాల ఆటలు కనిపించకుండా చేసుకోవచ్చు. నేనది ఆలస్యంగా చేశాను, మీరు మొదటి రోజే చేసుకోండి.

ఇంకొకటి కూడా చెప్పాలి. సాయంత్రం అరగంట పక్కన కూర్చునే వీలు నాకుంది. ఆడేది నేను కాకపోయినా, పాప తల తిప్పి చూసినప్పుడు చూడడానికి ఒక మనిషి ఉన్నారు. పిల్లకి ఇచ్చేసి మన పని మనం చేసుకుందామంటే ఇదే ఫలితం వస్తుందని నేను చెప్పలేను. పైగా మాది పాత ల్యాప్‌టాప్, మౌస్ ఉంది. ఫోన్ చిన్న తెర మీద ఎలా ఉంటుందో నేను ఎక్కువ చూడలేదు.

ఈ మధ్య మా చిన్నవాడు మొదలుపెట్టాడు, వాడికి నాలుగేళ్లు. వాడికి పడవ సంగతే పట్టలేదు. తూము తెరుస్తాడు, నీళ్లు ఎక్కడం చూస్తాడు, మూస్తాడు, మళ్లీ తెరుస్తాడు. నిన్న అక్క వాడి వెనక నిలబడి చాలాసేపు చూసి, వాడికి వినపడకుండా నా చెవి దగ్గరికి వచ్చి "చెప్పనా అమ్మా?" అని అడిగింది. వద్దని తల ఊపాను. వెళ్లి వాడి పక్కన కుర్చీలో కూర్చుంది.