నియాన్ టెట్రాలకు స్పాంజ్ ఫిల్టరా, హ్యాంగ్ ఆన్ ఫిల్టరా?

నియాన్ టెట్రా అమెజాన్ ప్రాంతపు చేప, పొడవు 3-4 సెంటీమీటర్లే. 60 లీటర్ల ట్యాంకులో పదింటి గుంపుకైతే నా ఓటు స్పాంజ్ ఫిల్టర్‌కే. ఎయిర్ పంపుతో నడుస్తుంది, చిన్న చేపను లాగేయదు. చేపల వ్యర్థాల నుంచి వచ్చే విషం అమ్మోనియా; దాన్ని విరిచే బ్యాక్టీరియా ఆ స్పాంజిలోనే ఉంటుంది. అందుకే కుళాయి కింద కడగొద్దు, క్లోరిన్‌కు చచ్చిపోతుంది. ట్యాంకులోంచి తీసిన నీళ్లలోనే రెండు మూడుసార్లు పిండితే గోధుమరంగు మడ్డి దిగిపోతుంది. కరెంటు పోయినా బ్యాటరీ పంపు తగిలిస్తే చాలు, టెన్షన్ ఉండదు.

ట్యాంకు అంచుకు తగిలించే హ్యాంగ్ ఆన్ ఫిల్టర్ నీళ్లను అద్దంలా ఉంచుతుంది, నిజమే. కానీ ధార జోరెక్కువ. అదే కావాలంటే పీల్చే గొట్టానికి స్పాంజ్ తొడగండి.

ఏది కొన్నా, ఆ బ్యాక్టీరియా పెరగడానికి, ముందు కొద్దికొద్దిగా మేత వేస్తూ 4-6 వారాలు చేపలు లేకుండానే నీళ్లు నింపిన ట్యాంకును నడపండి. టెస్ట్ కిట్‌లో అమ్మోనియా, దాన్నుంచి పుట్టే నైట్రైట్ రెండూ సున్నా చూపించాకే చేపల్ని తెచ్చుకోండి.