పోర్ట్స్‌మత్‌లో మేరీ రోజ్: ఒక రోజంతా ఇవ్వాల్సిన సగం ఓడ

ఇంగ్లండ్‌లోని పోర్ట్స్‌మత్ హిస్టారిక్ డాక్‌యార్డ్‌లో పేరున్న పాత ఓడలు మూడున్నాయి. ట్రఫాల్గర్ సముద్ర యుద్ధంలో బ్రిటిష్ నౌకాదళాధిపతి నెల్సన్ ఎక్కిన విక్టరీ, విక్టోరియా కాలపు ఇనుప యుద్ధనౌక వారియర్, 1545లో మునిగిపోయిన మేరీ రోజ్. చేతిలో ఒక్క రోజే ఉంటే అది మేరీ రోజ్‌కే ఇవ్వమంటాను. మిగతా రెండూ నిండుగా, ఠీవిగా ఉంటాయి. ఇది సగమే. కానీ ఐదు వందల ఏళ్ళ కిందటి మనుషులు ఎలా బతికారో, ఎలా పోయారో ఇంత దగ్గరగా చూపించే చోటు నేను ఇంకొకటి చూడలేదు.

లండన్ వాటర్లూ నుంచి రైల్లో గంటన్నర, రెండు గంటలు. పోర్ట్స్‌మత్ అండ్ సౌత్‌సీ అనే స్టేషన్లో దిగకండి, చివరి స్టేషన్ హార్బర్. అక్కడి నుంచి డాక్‌యార్డ్ గేటు కొద్ది నిమిషాల నడక. టికెట్ ముందే ఆన్‌లైన్‌లో తీసుకుంటే హాయి.

ఈ ఓడను ఇంగ్లండ్ రాజు ఎనిమిదో హెన్రీ 1510లో ఇదే ఊళ్ళో కట్టించడం మొదలుపెట్టాడు. అప్పటిదాకా సముద్రం మీద యుద్ధమంటే ముఖ్యంగా శత్రువు ఓడ పక్కకు చేరడం, బాణాలు కురిపించడం, పైకెక్కి కొట్టుకోవడం. బరువైన ఫిరంగులు పైన పెడితే ఓడ ఒరిగిపోతుంది. కింద పెట్టాలంటే పక్కగోడకు కంతలు కొట్టాలి, వాటిలోంచి నీళ్ళు రాకూడదు. ఆ చిక్కు విప్పింది మూత ఉన్న గన్‌పోర్ట్. మామూలప్పుడు మూత దించి బిగిస్తారు, యుద్ధంలో ఎత్తి ఫిరంగిని బయటికి తోస్తారు. దాన్ని తొలి రోజుల్లోనే వాడిన ఓడల్లో ఇదొకటి. 1536 ప్రాంతంలో మళ్ళీ మరమ్మతు చేసి ఫిరంగులు పెంచారు. 500 టన్నులన్న ఓడ లెక్కల్లో 700 టన్నులైంది.

1545 జూలై 19న పోర్ట్స్‌మత్ ఎదుటి సోలెంట్ జలసంధిలో ఫ్రెంచివాళ్ళతో పోరాడుతూ మలుపు తిరిగేటప్పుడు ఒరిగింది. తెరిచి ఉన్న కింది గన్‌పోర్టుల్లోంచి సముద్రం లోపలికొచ్చేసింది. గాలివాటమా, పెరిగిన బరువా, ఫ్రెంచి గుండా అన్న వాదన ఇంకా నడుస్తోంది. శత్రువులు ఎక్కకుండా పైన కట్టిన వలే లోపలివాళ్ళకు దారి మూసేసింది. దాదాపు 500 మందిలో 35 మంది కూడా బతకలేదు.

కుడివైపు పడింది కాబట్టి ఆ సగం బురదలో కూరుకుపోయి మిగిలింది. రెండో సగాన్ని నీళ్ళు తినేశాయి. 1971లో జాడ దొరికింది, 1982 అక్టోబర్ 11న పైకి తీశారు. చెక్క ఎండి చిట్లిపోకుండా ముందు నీళ్ళు, తర్వాత 1994 నుంచి 2013 దాకా మైనం లాంటి రసాయనం చల్లుతూనే ఉన్నారు. అంత ఓపిక చూస్తే చేతులెత్తి దండం పెట్టాలనిపిస్తుంది.

మ్యూజియంలో నాకు బాగా నచ్చింది అమరిక. నడవకు ఒకవైపు ఓడ, ఎదురుగా పోయిన సగం స్థానంలో దొరికిన వస్తువులు, ఏ డెక్‌వి ఆ అంతస్తులోనే. రెండు రకాల ఫిరంగులూ పక్కపక్కనే ఉన్నాయి. ఇనుప కమ్మీలు పేర్చి కట్లు బిగించి, వెనకనుంచి మందు పెట్టేవి పాతరకం. కంచుతో ఒకే ముక్కగా పోతపోసినవి కొత్తరకం. ఒక కాలం పోయి ఇంకో కాలం వస్తుండగా ఓడ మునిగిందని అక్కడ అర్థమవుతుంది. వాటితోపాటే వేల బాణాలు, నిలువెత్తు విళ్ళు. వైద్యుడి పెట్టె, పేల దువ్వెనలు, హ్యాచ్ అని పేరుపెట్టిన కుక్క అస్థిపంజరం దగ్గర పిల్లలు కదల్లేదు. అమ్మ మాత్రం ఇటుకల పొయ్యి, పెద్ద ఇత్తడి గుండిగ దగ్గరే నిలబడిపోయి, "ఇంతమందికీ రోజూ ఇందులోనేనా?" అని అడిగింది. లిఫ్టులున్నాయి, చక్రాల కుర్చీ ఎక్కడికైనా వెళ్తుంది. సిబ్బంది అడిగినదానికి ఓపికగా చెప్పారు. వెలుతురు మాత్రం చాలా తక్కువ, పెద్దవాళ్ళను చెయ్యి పట్టుకుని నడిపించండి.

బస విషయంలో అంత సంతోషం లేదు. ఊళ్ళోనే సముద్రం ఒడ్డున ఉన్న సౌత్‌సీ పేటలో ఒక గెస్ట్ హౌస్ తీసుకున్నాం. కింది గది ఇస్తామని, తీరా వెళ్ళాక మూడో అంతస్తు ఇచ్చారు. లిఫ్ట్ లేదు. మోకాళ్ళ నొప్పులున్న అమ్మకు ఆ మెట్లు నరకం. పెద్దవాళ్ళుంటే స్టేషన్ దగ్గరి హోటలే నయం, కాస్త ఖర్చెక్కువైనా. రేవు పక్కన ఊరంతా చూపించే ఎత్తైన స్పిన్నకర్ టవర్ బాగానే ఉంది, టైముంటే ఎక్కండి.

కానీ సౌత్‌సీ కోట వదలొద్దు. 1544లో హెన్రీ కట్టించినది, ఓడ మునగడాన్ని అతను ఇక్కడి నుంచే చూశాడంటారు. మ్యూజియం చూశాకే వెళ్ళండి, ముందు వెళ్తే ఎదురుగా కనిపించేది ఉత్త నీళ్ళే. ప్రవేశం ఉచితం, చలికాలంలో మూసేస్తారు కాబట్టి తేదీలు చూసుకోండి. దగ్గర్లోనే వైట్ ద్వీపానికి హోవర్‌క్రాఫ్ట్ ఉంది, పది నిమిషాల ప్రయాణం. అది ఓడ మునిగిన సోలెంట్ మీదుగానే వెళ్తుంది, పిల్లలకు తప్పక చూపించండి.