గ్రహాలు దారి తప్పకుండా కాచే ఇల్లు: ఫ్రానెకర్‌లోని ఐసింగా ప్లానెటేరియం

మన దేశం నుంచి అమ్మానాన్నలు వచ్చినప్పుడు నెదర్లాండ్స్‌లో ఉంటున్న తెలుగువాళ్లం చూపించే చోట్లు దాదాపు ఒకటే: తులిప్ తోటలు, గాలిమరలు, ఆమ్‌స్టర్‌డామ్ కాలువల్లో పడవ షికారు. ఆ వరసలో ఫ్రీస్‌లాండ్ ప్రాంతంలోని ఫ్రానెకర్ అనే చిన్న ఊరిని కూడా చేర్చుకొమ్మని చెప్పడానికే ఇది రాస్తున్నాను. గ్రహాలనూ చందమామలనూ కక్ష్యల్లో నిలిపి ఉంచే వృత్తి సంఘం ఒకటి ఎక్కడో ఉందని చిన్నప్పుడు ఊహించుకునేవాణ్ణి. ఆ ఊహకు అతి దగ్గరగా వచ్చే చోటు నేను చూసినంతలో ఆ ఊళ్లోని ఐసింగా ప్లానెటేరియం, అంటే పైకప్పులో గ్రహాల నమూనా తిరిగే ఈ పాత ఇల్లే. అక్కడ రెండున్నర శతాబ్దాలుగా మనుషులు చేతులతో గ్రహాల నడకను కాపాడుతున్నారు.

ఈ ఇంటి కథ ఒక భయంతో మొదలైంది. 1774 మే 8న చంద్రుడు, బుధుడు, శుక్రుడు, కుజుడు, బృహస్పతి మేషరాశిలో ఒకచోట చేరబోతున్నాయనీ, అవి ఒకదాన్నొకటి ఢీకొని భూమిని దాని దారి నుంచి నెట్టేయవచ్చుననీ ఏల్కో ఆల్టా అనే మతబోధకుడు ఒక చిన్న పుస్తకం వేశాడు. జనం వణికిపోయారు. ఇది విన్నప్పుడు నాతో వచ్చిన మా నాన్నగారికి వెంటనే 1962 ఫిబ్రవరి నాటి అష్టగ్రహ కూటమి గుర్తొచ్చింది. ఆ రోజుల్లో మా ఊళ్లో రాత్రింబవళ్లు భజనలు జరిగాయని, ప్రళయం వస్తుందన్న భయంతో వాళ్లమ్మ పిల్లలందరినీ ఒక్క గదిలో పడుకోబెట్టిందని చెప్పారు. ఫ్రానెకర్‌లో ఉన్ని దువ్వే వృత్తితో బతికే ఐసె ఐసింగా మాత్రం ఆకాశంలో నిజంగా ఏం జరుగుతుందో అందరికీ కళ్లకు కట్టాలనుకున్నాడు. ఏడేళ్లు కష్టపడి, 1781 నాటికి తన ఇంటి ముందుగది పైకప్పులోనే సౌరకుటుంబాన్ని కట్టి నడిపించాడు.

నీలం రంగు వేసిన ఆ చెక్క కప్పు మధ్యలో సూర్యుడు ఉంటాడు. చుట్టూ కోసిన గాడుల్లో, అప్పటికి తెలిసిన ఆరు గ్రహాలు, శని వరకు, నిజమైన కాలవేగంతోనే తిరుగుతాయి. పది లక్షల కిలోమీటర్లకు ఒక మిల్లీమీటరు చొప్పున కొలత వేశాడు కాబట్టి భూమి సూర్యుడికి ఒక జానెడు కన్నా తక్కువ దూరంలోనూ, శని దాదాపు మీటరున్నర దూరంలోనూ ఉంటాయి. ఇంటికి వచ్చాక లెక్కేస్తే, భూమి రోజుకు రెండున్నర మిల్లీమీటర్లకు కాస్త పైగా, శని మిల్లీమీటరు కూడా నిండకుండా జరుగుతున్నాయని తేలింది. 1781 నుంచి చూస్తే శని ఎనిమిది చుట్లు ముగించి తొమ్మిదో చుట్టులో ఉన్నాడు. చంద్రుణ్ణి మాత్రం ఈ కొలతకు ఇమడ్చలేము, ఎందుకంటే భూమికి అర మిల్లీమీటరు దూరంలో కూడా ఉండడు. పని పూర్తయిన ఏడాదే, 1781 మార్చిలో, హెర్షెల్ అనే ఖగోళ శాస్త్రజ్ఞుడు యురేనస్ గ్రహాన్ని కనిపెట్టాడు. దాన్ని చేర్చాలంటే గోడలు అడ్డొస్తాయి.

నాన్నగారు రోజూ పంచాంగం చూసే మనిషి. కప్పు అంచున రాసిన రాశులను చూసి శని ఉన్న చోటు మన పంచాంగంతో కలవడం లేదని నెమ్మదిగా అన్నారు. అక్కడి రాశులు సాయన పద్ధతివి, అంటే వసంత విషువత్తు నుంచి లెక్కించేవి; మనవి నిరయన పద్ధతివి, అంటే స్థిర నక్షత్రాలను బట్టి లెక్కించేవి; రెంటికీ మధ్య సుమారు 24 డిగ్రీల తేడా ఉంది. పైగా ఆ కప్పు సూర్యుడి వైపు నుంచి చూసినప్పటి స్థానాలను చూపిస్తుంది, పంచాంగం భూమి మీద నిలబడి చూసినప్పటివి చెబుతుంది. ఇది తెలిశాక ఆయన గోడలోకి అల్మారాలా అమర్చిన పెట్టె మంచం దగ్గర, గడియారంలా ముళ్లు తిరిగే పలకలను, చంద్రకళలనూ ఉదయాస్తమయాలనూ చూపేవాటిని, ఒక్కొక్కటే చదువుతూ చాలాసేపు నిలబడ్డారు.

అయితే నన్ను అడిగితే అసలు చూడాల్సింది అటక. మెట్లు ఇరుకుగా, నిటారుగా ఉంటాయి కనుక మోకాళ్ల నొప్పులున్న పెద్దవాళ్లు ముందే ఆలోచించుకోవాలి. పైన పెద్ద పెద్ద చెక్క చక్రాలు, వాటి అంచున పళ్లకు బదులు చేత్తో చేసి దిగగొట్టిన ఇనప మేకులు ఉంటాయి. మొత్తం పదివేల దాకా ఉంటాయంటారు. వరసగా ఉన్న వాటిని దగ్గరగా చూస్తే ఏ రెండూ అచ్చంగా ఒకేలా లేవు, అయినా ఒకదాని సందులో ఒకటి పడుతూ శనిని ఇరవై తొమ్మిదిన్నర ఏళ్ల దారిలో నడిపిస్తున్నాయి. అన్నిటినీ ఒక లోలకపు గడియారం, తొమ్మిది బరువులు నడుపుతాయి. లోలకం ఒకే లోహంతో చేసింది కాబట్టి చలికి, ఎండకు దాని వేగం మారుతుంది; దాన్ని మనిషే గమనించి సరిదిద్దాలి. ఫిబ్రవరి 29 ఈ యంత్రానికి తెలియదు, నాలుగేళ్లకోసారి చేత్తో సవరించాలి. సంవత్సరాల అంకెలున్న పలకను 22 ఏళ్లకోసారి మార్చాలి. మన వాళ్లు అధిక మాసం వేసి చాంద్రమానాన్ని ఋతువులతో కలిపి ఉంచుకుంటూ వచ్చినట్టే ఇక్కడా కాలాన్ని చేత్తో పట్టి నిలుపుతున్నారు. తన తరవాత దీన్ని ఎలా కాపాడాలో ఐసింగా కొడుకుల కోసం రాసిపెట్టాడు. 1859లో ఇది ఆ ఊరి పరమైంది, 2023లో యునెస్కో ప్రపంచ వారసత్వ జాబితాకెక్కింది. ఇన్ని చేతులు మారినా గ్రహాల నడక తెగిపోకుండా చూసుకోవడం మామూలు విషయం కాదని నా మనసుకు గట్టిగా తోచింది.

హైదరాబాద్‌లో 1985లో ఎన్టీ రామారావు గారు ప్రారంభించిన బిర్లా ప్లానెటేరియం చూసి పెరిగినవాణ్ణి. గుమ్మటం మీద నక్షత్రాలు వెలిగిన ఆ క్షణం ఇప్పటికీ ఇష్టమే. కాకపోతే ఆట అయిపోతే అక్కడ దీపాలు వేస్తారు, ఆకాశం మాయమవుతుంది. ఇక్కడ తలుపులు మూశాక కూడా భూమి తన రెండున్నర మిల్లీమీటర్లు జరుగుతూనే ఉంటుంది. వెలుగుల హంగు కోరుకునే పిల్లలకు ఇది నెమ్మదిగా అనిపించవచ్చు, గది కూడా చిన్నదే. కదలిక కంటికి కనబడదని ముందే చెప్పి తీసుకెళ్తే మంచిది. ఆమ్‌స్టర్‌డామ్ నుంచి లేవార్డెన్ దాకా రైల్లో వెళ్లి, అక్కడ హార్లింగెన్ వైపు పోయే చిన్న రైలు ఎక్కి ఫ్రానెకర్‌లో దిగాలి. పురపాలక భవనానికి ఎదురుగానే ఈ ఇల్లు ఉంటుంది.

వీలుంటే రెండుసార్లు వెళ్లండి. మొదటిసారి నాన్నగారు తన చిన్న నోటుపుస్తకంలో సూర్యుడు, బుధుడు ఉన్న చోట్లను పెన్సిలుతో గీసుకున్నారు. ఆయన తిరుగు ప్రయాణానికి ముందు, సరిగ్గా నలభై నాలుగు రోజులకు, మళ్లీ వెళ్లాం. ఆ పేజీ తెరిచి పైకి చూస్తే బుధుడు సూర్యుడికి అవతలి పక్కకు చేరి ఉన్నాడు.