అక్కడియన్ ముందా, సుమేరియన్ ముందా?

క్యూనిఫాం (ప్రాచీన ఇరాక్ ప్రాంతంలో మట్టిపలకల మీద మేకుల ఆకారంలో రాసిన లిపి) నేర్చుకోవాలంటే, ఆ లిపిలో రాసిన అక్కడియన్, సుమేరియన్ భాషల్లో దేనితో మొదలుపెట్టాలని ఈ మధ్య చాలామంది అడుగుతున్నారు. అడిగేవాళ్లలో సగం మంది మనసు అప్పటికే సుమేరియన్ మీద ఉంటుంది. "అది కూడా తెలుగులాగే ప్రత్యయాలు అతికించే భాషట కదా!" అంటారు. నేనూ ఆ ముచ్చటతోనే సుమేరియన్ పట్టుకుని ఆరు నెలలకి పక్కన పెట్టేశాను.

ముచ్చట ఉత్తదేం కాదు. 'ఏ లుగల్-అక్-అ' అంటే ఇల్లు, రాజు, యొక్క, లో. మన 'రాజు ఇంట్లో'. ప్రత్యయాలు చివర్లో వరసగా వచ్చి కూర్చుంటాయి. (అంతమాత్రాన చుట్టరికం కలిపేయకండి, అదేమీ రుజువు కాలేదు.) చిక్కంతా క్రియతోనే. గుడి ఇటుకల మీద తరచూ కనిపించే 'ము-న-దు' అంటే 'ఆయనకి కట్టించాడు'. 'న' అంటే ఆయనకి, 'దు' అంటే కట్టడం. మరి ముందున్న 'ము' ఏం చేస్తోంది? పండితులే ఇంకా తేల్చుకోలేదు.

అక్కడియన్‌లో ఈ బాధ తక్కువ. అది సెమిటిక్ భాష, అరబిక్‌కి బంధువు. బాబిలోనియా రాజు హమ్మురాబి 196వ చట్టం చూడండి: 'శుమ్మ అవీలుమ్ ఈన్ మార్ అవీలిమ్ ఉఖ్తప్పిద్, ఈన్‌శు ఉఖప్పదూ.' సాటి పెద్దమనిషి కన్ను పోగొడితే వాడి కన్నూ పోగొడతారు. 'ఈన్' అంటే కన్ను, అరబిక్‌లో 'ఐన్'. 'క్షేమంగా ఉండటం' అనే అర్థంలో వాడే 'శలాముమ్' మన హైదరాబాద్ సలాముకి చుట్టమే. మూడు హల్లుల ధాతువులు మొదట్లో విసిగిస్తాయి, కాదనను. కానీ 1921లో మొదలై 2011లో ముగిసిన షికాగో విశ్వవిద్యాలయం వారి అక్కడియన్ నిఘంటువు మొత్తం ఉచితంగా దించుకోవచ్చు.

నా లెక్కలో తేల్చేది మాత్రం వేరే సంగతి. సుమేరియన్‌కి తెలిసిన బంధుభాష ఒక్కటీ లేదు. మాట్లాడేవాళ్లు లేకుండా పోయాక కూడా బాబిలోనియా బళ్లలో దాన్ని నేర్పారు. మట్టిపలకల మీద ఎడమ వైపు సుమేరియన్ మాట, కుడి వైపు అక్కడియన్ అర్థం రాసుకున్నారు. మనకి సుమేరియన్ మాటల అర్థాలు చాలావరకు తెలిసింది ఆ పట్టికల వల్లే. అక్కడియన్ రాకుండా సుమేరియన్‌లో దిగితే అర్థాల వైపు చెయ్యి అడ్డం పెట్టుకుని నిఘంటువు చదివినట్టే.

ఇప్పటి టర్కీ ప్రాంతంలో ఇదే లిపిలో రాసిన ప్రాచీన భాష హిట్టైట్ సంగతి అడిగేవాళ్లూ ఉన్నారు. 'వాతర్' అంటే నీళ్లు, ఇంగ్లీషు వాటర్ లాంటిదే, సరదాగా ఉంటుంది. కానీ దాని రాతలో సుమేరియన్, అక్కడియన్ మాటలు మధ్యమధ్య వస్తూనే ఉంటాయి కాబట్టి తర్వాత చూసుకోవచ్చు.

ఏడాదిన్నర అక్కడియన్ చదివాక మళ్లీ సుమేరియన్ తీశాను. 'ము' దగ్గర ఇప్పటికీ ఆగుతున్నాను గానీ, పట్టికలో కుడి వైపు తడుముకోకుండా చదువుతున్నాను.