కాంటోకి తిరిగి వెళ్ళాక: పోకెమాన్ హార్ట్‌గోల్డ్‌తో ఆరువందల గంటలు

పోకెమాన్ హార్ట్‌గోల్డ్ నా చేతికి వచ్చింది 2011 ఎండాకాలంలో. అమెరికా నుంచి సెలవులకు వచ్చిన మా పెదనాన్న కొడుకు, తను వాడిన డీఎస్ లైట్ అనే చేతి వీడియో గేమ్ యంత్రాన్నీ, అందులో ఈ గేమ్‌నీ, పోకీవాకర్ అనే చిన్న గుండ్రటి వస్తువునీ నాకు ఇచ్చేసి వెళ్ళాడు. అప్పుడు నెల్లూరులో ఇంటర్ చదువుతున్నాను. ఇప్పుడు కావలిలో ఉద్యోగం, రోజూ రైల్లో రాకపోకలు. గేమ్‌లో ఆడిన సమయం 640 గంటలు దాటింది. కథ పూర్తి చేయడానికి పట్టింది నలభై గంటల పైచిలుకు. మిగతా ఆరువందలూ, ఆట అయిపోయిందని తెర మీద పేర్లు పడిన తర్వాతవే. ఆ ఆరువందల గంటల గురించే రాస్తున్నాను.

తెలియనివాళ్ళకు కొంచెం చెప్పాలి. పోకెమాన్‌లంటే ఆటలో మనం పట్టుకుని, పెంచి, పోటీలకు దింపే ఊహా జీవాలు. 1999లో జపాన్‌లో వచ్చిన పోకెమాన్ గోల్డ్, సిల్వర్ ఆటలను పదేళ్ళ తర్వాత, 2009లో, డీఎస్ కోసం కొత్తగా చేశారు. అవే హార్ట్‌గోల్డ్, సోల్‌సిల్వర్. అమెరికాలో 2010 మార్చిలో విడుదలయ్యాయి. జోటో అనే ప్రాంతంలో ఎనిమిది జిమ్‌లు (ఒక నాయకుడితో పోటీపడే చోట్లు, ఒక్కోటి గెలిస్తే ఒక బ్యాడ్జీ) గెలిచి, ఎలైట్ ఫోర్ అనే నలుగురు మేటి ఆటగాళ్ళనీ, ఆ తర్వాత ఛాంపియన్ లాన్స్‌నీ ఓడిస్తే కథ ముగుస్తుంది. ఆ రోజు రాత్రి నేను గెలిచానని ఇల్లంతా చెప్పాను. మర్నాడు పొద్దున్నే మళ్ళీ డీఎస్ పట్టుకుని కూర్చుంటే మా నాయనమ్మ అడిగింది: "ఏందయ్యా, ఆట అయిపోయిందంటివే, మళ్ళా పట్టుకున్నావే?"

నిజంగానే మళ్ళీ మొదలైంది. ప్రొఫెసర్ ఎల్మ్ ఒక ఓడ టికెట్ ఇస్తాడు. ఆలివైన్ రేవులో ఎస్ఎస్ ఆక్వా ఎక్కితే వర్మిలియన్‌లో దిగుతాం. అది కాంటో. పాత ఆటల్లోని మొదటి ప్రాంతం మొత్తం, ఇంకో ఎనిమిది జిమ్‌లతో సహా, ఈ ఆట వెనక దాచిపెట్టి ఉంది. ఏ జిమ్‌కి ముందు వెళ్ళాలో దాదాపు మన ఇష్టమే. నేనైతే మొదటి రెండు రోజులు ఒక్క పోటీ కూడా ఆడకుండా ఊళ్ళు తిరిగాను.

తిరగడానికి కారణం ఉంది. అంతకుముందు అన్న దగ్గరున్న గేమ్‌బాయ్ అడ్వాన్స్‌లో ఫైర్‌రెడ్ అనే పాత పోకెమాన్ ఆట ఆడి ఉన్నాను. ఆ ఆట కాంటోలోనే జరుగుతుంది. హార్ట్‌గోల్డ్ కథ దానికి మూడేళ్ళ తర్వాతది. అంటే నాకు తెలిసిన ఊళ్ళే, మూడేళ్ళు గడిచిన తర్వాత. లావెండర్‌లో చనిపోయిన పోకెమాన్‌ల సమాధులున్న గోపురం ఇప్పుడు రేడియో స్టేషన్ అయింది. సమాధులను పక్కన ఒక చిన్న ఇంట్లోకి మార్చారు. ఫ్యూషియాలో సఫారీ జోన్ మూతపడింది. వర్మిలియన్ ఊరి బయట స్నార్లాక్స్ అనే పెద్ద పోకెమాన్ దారికి అడ్డంగా పడుకునే ఉంది, కానీ ఇప్పుడు దాన్ని లేపాలంటే చేతిలో వేణువు అక్కర్లేదు. పోకీగేర్ అనే ఆటలోని ఫోన్‌లో ఉన్న రేడియోలో ఆ పాట వచ్చే స్టేషన్ పెట్టాలి. ఆ స్టేషన్ రావాలంటే ముందు ఆగిపోయిన పవర్ ప్లాంట్ మళ్ళీ నడవాలి. పనికీ పనికీ ఉన్న ఈ ముడి నాకు చాలా నచ్చింది. కరెంటు వచ్చాకే రేడియో, రేడియో వచ్చాకే స్నార్లాక్స్, అలాగే మాగ్నెట్ ట్రైను కూడా.

సినబార్ దీవికి చేరినప్పుడు మాత్రం డీఎస్ పక్కన పెట్టేశాను. ఫైర్‌రెడ్‌లో అక్కడ ఒక ఊరు ఉండేది. జిమ్, ల్యాబ్, పాడుబడ్డ భవంతి. అగ్నిపర్వతం పేలి అన్నీ పోయాయి. ఒక్క పోకెమాన్ సెంటర్ మిగిలింది. నల్లటి రాళ్ళ మధ్య బ్లూ ఒక్కడే నిలబడి ఉంటాడు. ఒకప్పుడు ఫైర్‌రెడ్‌లో నాతో పోటీపడ్డవాడు. ఇక్కడొక ఊరు ఉండేదని అతను చెప్తుంటే నాకు మా అమ్మమ్మవాళ్ళ ఊరు గుర్తొచ్చింది. అది సోమశిల ప్రాజెక్టు ముంపులో పోయింది. ఎండాకాలం నీళ్ళు తగ్గినప్పుడు తాతయ్య మమ్మల్ని ఒడ్డుకు తీసుకుపోయి, "అదిగో, ఆ గుట్ట పక్కన మన కల్లం" అని వేలు చూపించేవాడు. మాకు నీళ్ళే కనపడేవి. ఆయనకు ఊరు కనపడేది. పిల్లల కోసం చేసిన ఒక ఆట ఇంత సరిగ్గా ఆ సంగతి ఎలా పట్టుకుందా అని ఇప్పటికీ ఆశ్చర్యపోతాను. సినబార్ జిమ్ నాయకుడు బ్లేన్ తన జిమ్‌ను సీఫోమ్ దీవుల గుహలోకి మార్చుకుని నడుపుతున్నాడు. ఊరు పోయినా పని ఆపలేదు.

కాంటో అంతా బాగుందని మాత్రం చెప్పను. పెద్ద లోటు లెవెల్స్ దగ్గర ఉంది. లాన్స్‌ను మొదటిసారి ఓడించే సమయానికి అతని బలమైన డ్రాగనైట్ 50వ లెవెల్. కాంటోలో చివరి జిమ్ బ్లూది, అతని పీజియట్ 60. ఈ మధ్యలో గడ్డిలో దొరికే పోకెమాన్‌లు చాలావరకు మరీ చిన్న లెవెల్స్‌లో ఉంటాయి. వాటితో ఎంత పోరాడినా మన జట్టు పెరగదు. జిమ్ నాయకులు సులభంగా పడిపోతారు. తర్వాత ఒక్కసారిగా కొండ ఎక్కమంటుంది.

ఆ కొండ మౌంట్ సిల్వర్. 16 బ్యాడ్జీలూ వచ్చాక ప్రొఫెసర్ ఓక్ అనుమతి ఇస్తాడు, రాళ్ళెక్కే రాక్ క్లైంబ్ కూడా ఇస్తాడు. గుహలన్నీ దాటి పైకి చేరితే మంచు కురుస్తూ ఉంటుంది. అంచున ఎర్ర టోపీ పెట్టుకుని రెడ్ నిలబడి ఉంటాడు. మాట్లాడడు. అతని మాట స్థానంలో మూడు చుక్కలు పడతాయి, అంతే. అతని పికాచు 88వ లెవెల్. వెనక లాప్రస్, స్నార్లాక్స్, వీనసార్, చారిజార్డ్, బ్లాస్టాయిస్, అన్నీ 80 నుంచి 84 మధ్య. నా టైఫ్లోజన్ అప్పుడు 63. అసలు ఆటలో ఇంత బలమైన జట్టు ఇంకొకటి లేదు.

మొదటిసారి పికాచు ఒక్కటే నా నలుగురిని పడగొట్టింది. వడగళ్ళ వానలో బ్లిజార్డ్ అనే మంచు దెబ్బ గురి తప్పదు, ఆ సంగతి అతని లాప్రస్ దగ్గర నేర్చుకున్నాను. మూడుసార్లు ఓడాక ఎలైట్ ఫోర్ దగ్గరికి తిరిగి వెళ్ళాను. కాంటో జిమ్‌లు గెలిచాక వాళ్ళ జట్లు కూడా పెరుగుతాయి, లాన్స్ డ్రాగనైట్ 75కి చేరుతుంది. లెవెల్స్ పెంచుకోవడానికి సరైన చోటు అదొక్కటే. రోజూ సాయంత్రం కావలిలో రైలెక్కి, పెన్నా వంతెన వచ్చేలోపు ఒక్క చుట్టు పూర్తి చేయడం. ఇలా రెండు నెలలు సాగింది. ఇది కొందరికి విసుగు. అదే ఐదుగురితో అవే పోటీలు ఆడటం నాకూ కొన్ని రోజులు భారంగానే ఉంది. కథ ముగిశాక వచ్చే భాగంలో మధ్య మెట్లు లేవన్నది ఈ ఆట మీద నాకున్న గట్టి ఫిర్యాదు.

చివరికి గెలిపించింది క్వాగ్‌సైర్. చూడ్డానికి మందంగా, నవ్వుతున్నట్టు ఉంటుంది, ఎవరూ పెద్దగా పట్టించుకోరు. అది నేల రకం కాబట్టి పికాచు కరెంటు దానికి అంటదు. ఒక్క ఎర్త్‌క్వేక్‌తో పికాచు పోయింది. వీనసార్ రాగానే క్వాగ్‌సైర్‌ను తప్పించి టైఫ్లోజన్‌ను దింపాను. లాప్రస్, బ్లాస్టాయిస్, చారిజార్డ్ ముగ్గురినీ ఆంఫరాస్ చూసుకుంది. స్నార్లాక్స్ దగ్గర టెన్షన్‌తో చేతులు చెమటపట్టాయి. రైలు బిట్రగుంట దాటుతోంది. గెలిచాను. రెడ్ మళ్ళీ ఆ మూడు చుక్కలే చూపించి మాయమయ్యాడు. ఫైర్‌రెడ్‌లో నేను నడిపిన పిల్లవాడు అతనే. ఇన్నాళ్ళూ కొండ మీద ఒంటరిగా నిలబడింది నేను ఆడి వదిలేసిన పిల్లవాడేనని అప్పుడు తట్టింది.

రెడ్ తర్వాత వచ్చేవి కూడా తక్కువేం కావు. ఓక్ ఒక కాంటో పోకెమాన్ పిల్లను ఇస్తాడు. సాఫ్రన్‌లోని సిల్ఫ్ కంపెనీలో స్టీవెన్ హోయెన్ అనే ఇంకో ప్రాంతపు పిల్లను ఒకదాన్ని ఇస్తాడు. సెరులియన్ గుహలో మ్యూటూ 70వ లెవెల్‌తో ఎదురుచూస్తూ ఉంటుంది. నేను దాన్ని పట్టుకోలేదు. ఎందుకో దాన్ని అక్కడే ఉండనివ్వాలనిపించింది.

కానీ నన్ను పద్నాలుగేళ్ళు పట్టి ఉంచినది ఇవేవీ కావు. ఈ ఆటకు వారం తెలుసు. డీఎస్‌లో ఉన్న తేదీని బట్టి ఆటలో రోజు మారుతుంది. యూనియన్ గుహ అడుగున శుక్రవారం మాత్రమే లాప్రస్ కనపడుతుంది. నేషనల్ పార్కులో పురుగుల పోటీ మంగళ, గురు, శనివారాల్లో. మౌంట్ మూన్ దగ్గర సోమవారం రాత్రి క్లెఫెయిరీలు నాట్యం చేస్తాయి. ఎస్ఎస్ ఆక్వా ఆలివైన్ నుంచి సోమ, శుక్రవారాల్లో, వర్మిలియన్ నుంచి బుధ, ఆదివారాల్లో బయల్దేరుతుంది. జిమ్ నాయకులను ఒక్కొక్కరినీ వాళ్ళు ఉండే చోట, ఉండే వేళకు పట్టుకుని ఫోన్ నంబర్ తీసుకుంటే, తర్వాత వాళ్ళకు వీలైన రోజు ఫోన్ చేసి సాఫ్రన్‌లోని డోజోకు పిలిచి మళ్ళీ పోటీ పడొచ్చు. తేదీ ముందుకు జరిపి తొందరపడితే ఆ రోజుకి జరగాల్సినవి ఆగిపోతాయి. ఆట మన వారంతో పాటే నడుస్తుంది. మా ఇంట్లో సోమవారం రాత్రి భోజనాలయ్యాక నేను పది నిమిషాలు కనపడనని అందరికీ తెలుసు.

పట్టుకున్న ఏ పోకెమాన్ అయినా మన వెనకే నడిచి వస్తుంది. వెనక్కి తిరిగి పలకరిస్తే ఒక్కోసారి గంతులేస్తుంది, ఒక్కోసారి ముఖం తిప్పుకుంటుంది. పోకీవాకర్ ఇంకా ముందుకెళ్ళింది. అందులో ఒక పోకెమాన్‌ను పెట్టి జేబులో వేసుకుంటే మన అడుగులు లెక్కపెడుతుంది. 20 అడుగులకు ఒక వాట్. మైపాడు బీచ్‌లో ఇసుక మీద నడిచిన నడకలన్నీ అలా క్వాగ్‌సైర్ ఖాతాలో చేరాయి. బ్యాటరీ సీఆర్ 2032, వాచీల షాపులో ఎక్కడైనా దొరుకుతుంది.

బ్యాటిల్ ఫ్రాంటియర్ అనే పోటీల చోటు గురించి క్లుప్తంగా చెప్తాను. ఐదు భవనాలు. అందులో ఫ్యాక్టరీ ఒక్కటే నాకు దగ్గరైంది, అక్కడ పోకెమాన్‌లను అద్దెకిచ్చి ఆడిస్తారు కాబట్టి పెంచే పని ఉండదు. జోటోలో ఉన్న కొత్త సఫారీ జోన్ ఓపికకు పరీక్ష. కొన్ని పోకెమాన్‌లు కనపడాలంటే సామాన్లు పెట్టి నెలల తరబడి ఎదురుచూడాలి.

అసలు కష్టం ఇచ్చిపుచ్చుకోవడం దగ్గర. హాంటర్ గెంగార్ కావాలంటే ఇంకొకరి డీఎస్‌కి పంపాల్సిందే. కొన్ని పోకెమాన్‌లు హార్ట్‌గోల్డ్‌లో ఉంటే కొన్ని సోల్‌సిల్వర్‌లోనే ఉంటాయి. నాకు గ్లైగర్ దొరుకుతుంది, స్కార్మరీ దొరకదు. 2014 మే 20న ఆన్‌లైన్ సర్వీసు కూడా ఆగిపోయాక, దగ్గర కూర్చుని మార్చుకోవడమే దారి. నెల్లూరులో నాకు తెలిసినంతలో ఇంకో డీఎస్ లేదు. ఒంగోలులో మా పిన్ని కొడుకు సోల్‌సిల్వర్ సంపాదించాడని తెలిసిన రోజు నా సంతోషం చెప్పలేను. వాళ్ళు ఏటా రొట్టెల పండక్కి వస్తారు. స్వర్ణాల చెరువులో కోరిక తీరినవాళ్ళు రొట్టె ఇస్తుంటే, కోరుకున్నవాళ్ళు పుచ్చుకుంటుంటే, మేమిద్దరం దర్గా బయట చెట్టుకింద కూర్చుని పోకెమాన్‌లు మార్చుకున్నాం. నా హాంటర్ వాడి దగ్గరికెళ్ళి గెంగార్ అయింది. "అన్నా, దీన్ని నా దగ్గరే ఉంచుకుంటా" అన్నాడు. ఒక్క గంట ఉంచుకుని తిరిగిచ్చేశాడు, దాంతోపాటు స్కార్మరీ కూడా ఇచ్చాడు. ఈ భాగాన్ని ఒంటరిగా ఆడేవాళ్ళు సగమే చూస్తారు. ఎవరైనా కొనే ముందు ఇంకొకరిని వెతుక్కోండి.

కొనే విషయంలో ఇంకో జాగ్రత్త. మా పిన్ని కొడుకు కోసమే మొదట ఒక షాపులో సోల్‌సిల్వర్ కొంటే నకిలీది వచ్చింది. ఎలైట్ ఫోర్ దాకా వచ్చాక వాడు సేవ్ చేసిందంతా పోయింది. ఆ పిల్లాడు ఏడ్చిన ఏడుపు నాకింకా గుర్తుంది. అసలు కార్ట్రిడ్జ్ వెలుతురులో పట్టుకుంటే ముదురు రంగులో, కొంచెం లోపలికి కనపడేలా ఉంటుంది. పోకీవాకర్‌తో మాట్లాడే ఇన్‌ఫ్రారెడ్ అందులోనే ఉంది కాబట్టి అలా చేశారు. పోకీవాకర్ కలిస్తేనే డబ్బివ్వండి.

ఇప్పుడు మాకు మిగిలింది రేక్వాజా అనే పోకెమాన్. హార్ట్‌గోల్డ్‌లో పట్టిన కయోగర్, సోల్‌సిల్వర్‌లో పట్టిన గ్రౌడన్ రెండూ కలిపి ప్రొఫెసర్ ఓక్‌కు చూపిస్తేనే అది వచ్చే దారి తెరుచుకుంటుంది. నా కయోగర్ సిద్ధంగా ఉంది. తమ్ముడు ఇప్పుడు బెంగళూరులో ఉద్యోగంలో ఉన్నాడు, పోయిన రెండేళ్ళూ పండక్కి రాలేదు. మొన్న ఆదివారం ఫోన్ చేసి గ్రౌడన్‌ను పట్టుకున్నానని చెప్పాడు. ఈసారి సెలవు పెట్టి వస్తాడట, ఛార్జర్ మాత్రం నన్నే తెమ్మన్నాడు.